తెగిన తీగ, మూడు క్రమాలు

పారిభాషిక పదాలతో వచ్చిన తంటా ఒకటున్నది. ఇంగ్లీషులో అవి ఎంత అజాగ్రత్తగా పుట్టినా, తెలుగులోకి మాత్రం ఆ అజాగ్రత్తతో సహా మహా జాగ్రత్తగా దిగుమతి అవుతాయి. విద్యుద్రక్షణ శాస్త్రంలో పాజిటివ్ సీక్వెన్సు, నెగటివ్ సీక్వెన్సు, జీరో సీక్వెన్సు అని మూడు మాటలున్నాయి. వీటిని ధనక్రమం, ఋణక్రమం, శూన్యక్రమం అని తెలిగిస్తే చదువరి ఏమనుకుంటాడు? మొదటిదానిలో ఏదో కూడిక, రెండవదానిలో తీసివేత, మూడవదానిలో ఏమీ లేదు అనుకుంటాడు. ముప్పై రెండేళ్ళు తెలుగు పండితుడిగా పాఠాలు చెప్పినవాణ్ణి, మాట సరిగా లేకపోతే విషయం నాకు మింగుడు పడదు. కనుక ముందు మాటల సంగతి తేల్చుకొని, ఆ తరువాత ఒక చావు సంగతి చెబుతాను.

మన పల్లెలకు వచ్చే పదకొండు వేల వోల్టుల లైనులో మూడు తీగలుంటాయి. లైన్‌మన్లు వాటిని ఎరుపు, పసుపు, నీలం అంటారు. తీగలకు రంగులేమీ ఉండవు, వ్యవహారం కోసం పేర్లంతే. ఒక్కొక్క తీగలోనూ ప్రవాహం సెకనుకు 50 మార్లు ఎగసి పడుతుంది. అంటే ఒక ఆవృత్తికి 20 మిల్లీసెకన్లు. మూడూ ఒక్కసారే ఎగయవు. ఎరుపు శిఖరాన్ని తాకిన 6.67 మిల్లీసెకన్లకు పసుపు, మరి 6.67 మిల్లీసెకన్లకు నీలం, మళ్ళీ ఎరుపు... కోలాటంలో వలయంగా తిరిగే ముగ్గురిలాగ. మూడు ఎత్తులూ సమానంగా ఉండి, ఈ వరుస తప్పకుండా సాగితే అది పాజిటివ్ సీక్వెన్సు. ఎత్తులు సమానంగానే ఉండి వరుస మాత్రం తిరగబడితే, అంటే ఎరుపు తరువాత నీలం, ఆ తరువాత పసుపు వస్తే, అది నెగటివ్. మూడూ ఒకేసారి ఎగసి ఒకేసారి పడితే అది జీరో. అక్కడ శూన్యమైనది ప్రవాహం కాదు, ముందు వెనుకల భేదం!

కాబట్టి నా మటుకు నేను వీటిని అనుక్రమం, విలోమక్రమం, శూన్యక్రమం అని పిలుచుకుంటున్నాను. విలోమమనే మాట మనకు కొత్త కాదు. వేంకటాధ్వరి రాఘవయాదవీయాన్ని ముందునుంచి చదివితే రామకథ, వెనుకనుంచి చదివితే కృష్ణకథ. వెనుకనుంచి చదివినంత మాత్రాన అది ఋణకావ్యం కాలేదు కదా! నిఘంటుకర్తలు ఎవరైనా ఒప్పుకుంటే సంతోషం. ఒప్పుకోకపోయినా ఈ టపా వరకు ఇవే నా మాటలు.

ఇక ఆ చావు సంగతి. మాది అనంతపురం జిల్లాలో మెట్ట పల్లె. 2012 వేసవిలో ఒక రాత్రి పెద్ద గాలి లేచింది. గాలే గాని చినుకు పడలేదు. ఊరికి దక్షిణాన, లైను చివరి కొసలో, వేరుశనగ చేలమీదుగా పోయే మూడు తీగలలో ఒకటి తెగి క్రింద పడింది. వరుసకు నాకు తమ్ముడయ్యే రైతు తెల్లవారుజామున బోరు దగ్గరికని వెళ్ళి ఆ చీకటిలో తీగను తొక్కాడు. పొద్దెక్కినా తిరిగి రాకపోయేసరికి వెతకబోయినవారికి శవం కనిపించింది. ఆ సమయానికి ఊళ్ళో ఫ్యాన్లు తిరుగుతూనే ఉన్నాయి.

ఊరంతా సబ్‌స్టేషను మీదికి పోయింది. నేనూ పోయాను. అక్కడున్న ఆపరేటరు పాతికేళ్ళ కుర్రవాడు. "తీగ తెగి నేలమీద పడితే ట్రిప్ కావాల కదా! కాకపోతే నువ్వన్నా ఆపాల కదా!" అని జనం. "ఫీడరు ట్రిప్ కాలేదు, మీటర్లలో తేడా రాలేదు, నాకెట్లా తెలుస్తుందన్నా" అని అతను. ఆ మాట ఎవరికీ రుచించలేదు. కొందరు చేయి చేసుకోబోతే పెద్దలు అడ్డుపడ్డారు. ఆ పిల్లవాడు నిజం చెప్తున్నాడా, నిద్రపోయి బొంకుతున్నాడా? ఈ ప్రశ్న నన్ను చాలా రోజులు వదలలేదు. మా తమ్ముని చావుకు ఒక మనిషిని బాధ్యుడిని చేయబోతున్నప్పుడు, ఆ మనిషికి తెలిసే వీలున్నదో లేదో తెలుసుకోవడం మన విధి కాదా?

నా దగ్గర పదవ తరగతి వరకు చదువుకున్న ఒకాయన విద్యుత్తు శాఖలో రిలేలు పరీక్షించే విభాగంలో ఇంజనీరు. అతన్ని పిలిపించి అడిగాను. "సార్, ఇది చెప్పాలంటే ఒక పూట పడుతుంది, మీకు ఓపికుందా?" అన్నాడు. నాకు ఓపిక తప్ప వేరే ఆస్తి ఏమున్నది? ఒక పూట కాదు, ఆ తరువాత ఎన్నో ఆదివారాలు పట్టింది. ఈ వ్రాసేదంతా అతని చలవ, ఆ పైన నేను చదివి అర్థం చేసుకున్నది.

ఈ మూడు క్రమాల ఆలోచన చార్లెస్ ఫోర్టెస్క్యూ అనే ఇంజనీరుది. 1876లో కెనడాలో, హడ్సన్ అఖాతపు ఒడ్డున ఉన్న యార్క్ ఫ్యాక్టరీ అనే బొచ్చు వర్తకుల స్థావరంలో పుట్టినవాడు. అమెరికాలో వెస్టింగ్‌హౌస్ సంస్థలో పనిచేస్తూ, రైళ్ళకు విద్యుత్తునిచ్చే ఏర్పాట్లలో వచ్చే అసమతుల్యాన్ని లెక్క కట్టబోయి దీనిని కనుగొన్నాడు. 1918 జూన్‌లో అట్లాంటిక్ సిటీలో జరిగిన విద్యుదింజనీర్ల సభలో సమర్పించాడు. సారాంశం ఒక్క వాక్యం: మూడు తీగల ప్రవాహాలు ఎంత అస్తవ్యస్తంగా ఉన్నా సరే, వాటిని ఒక అనుక్రమ త్రయం, ఒక విలోమక్రమ త్రయం, ఒక శూన్యక్రమ త్రయం కలిసిన మొత్తంగా వ్రాయవచ్చు.

ఇక్కడ నేను ఆగి అడిగాను. "ఏమయ్యా, మూడింటిని తొమ్మిది చేసి సులువైందంటావేమిటి?" అతను నవ్వి, "మీరు సమాసానికి విగ్రహవాక్యం చెప్పించేవారు కదా సార్! ఒక్క మాటను నాలుగు మాటలు చేస్తే మాకు సులువయ్యేది కాదా?" అన్నాడు. గురువుకు ఎదురు దెబ్బ! నిజమే. త్రయంలో ఒకటి తెలిస్తే మిగిలిన రెండూ తెలిసినట్లే, ఎత్తు ఒకటే, వరుస నియతం. కనుక తెలియవలసినవి తొమ్మిది కాదు, మూడే. పైగా, తీగలు మూడూ ఒకే తీరున కట్టిన లైనులో ఈ మూడు త్రయాలూ ఒకదానితో ఒకటి కలియవు. దేని దారి దానిది. ఇంజనీరు మూడు వేరు వేరు చిన్న లెక్కలు చేసుకొని చివర కలుపుకుంటాడు.

ఒక్క ఉదాహరణ చెబుతాను, దీనిని దాటితే మిగిలినదంతా నల్లేరు మీద బండి. ఎరుపు తీగ భూమిని తాకింది. అందులో 300 ఆంపియర్లు పోతున్నాయి. పసుపు, నీలాలలో ఏమీ లేదనుకుందాం. దీనిని విడదీస్తే మూడు త్రయాలూ 100 ఆంపియర్ల చొప్పున వస్తాయి. ఎరుపు తీగలో మూడు నూర్లూ ఒకే దిక్కు, కలిసి 300. పసుపు తీగలో? అనుక్రమపు నూరు ఒక దిక్కు, విలోమపు నూరు ఒక దిక్కు, శూన్యక్రమపు నూరు మరొక దిక్కు. మూడూ ఒకదానికొకటి 120 డిగ్రీల దూరాన నిలబడి సమానంగా లాగుతున్నాయి, కనుక ఫలితం సున్న. నీలంలోనూ అంతే.

ఇది వినగానే నాకు ప్రాణం లేచి వచ్చింది. పసుపు తీగలో ఏమీ లేదని మనం అనుకుంటున్నాం. కాని ఆ లేకపోవడం మూడు ఉండడాల ఫలితం! ప్రత్యయం లోపించినా దాని కార్యం నిలిచే ఉంటుందని వ్యాకరణం చదువుకున్నవారికి ఈ మాట చెప్పనక్కర లేదు. విద్యుత్తువారు కూడా ‘ఫాల్టు’ను లోపమనే అంటారు. యాదృచ్ఛికమే అయినా ముచ్చటైన యాదృచ్ఛికం.

ఇక రిలే. లైనును తెంపే పని బ్రేకరుది, తెంపమని ఆజ్ఞ ఇచ్చేది రిలే. అసలు తీగలలోని వందల ఆంపియర్లను కరెంటు ట్రాన్స్‌ఫార్మర్లు ఒకటో అయిదో ఆంపియర్లకు కుదించి దానికి చూపిస్తాయి. పాత రిలేలలో పళ్ళెం తిరిగేది. నిరోధాలూ తీగచుట్టలూ అమర్చి ఒక ఫేజును తగినంత కోణం త్రిప్పి, మరొకదానితో కలిపి, విలోమక్రమాన్ని మాత్రం వడగట్టేవారు. ఇప్పటి రిలేలో ఇదంతా లెక్క. ఆవృత్తికి ఇన్నిసార్లని ప్రవాహాన్ని కొలిచి, ఒక ఫేజు కొలతలను మూడవవంతు ఆవృత్తి వెనక్కో ముందుకో జరిపి కలిపితే విలోమక్రమం బయటపడుతుంది. ఏమీ జరపకుండా మూడూ కలిపితే శూన్యక్రమానికి మూడింతలు వస్తుంది. అందుకే శూన్యక్రమం అన్నిటికంటే ముందు రిలేలకు చిక్కింది. ప్రత్యేకపు వడపోత అక్కరలేదు, మూడు కరెంటు ట్రాన్స్‌ఫార్మర్ల కొసలు ఒకచోట ముడివేస్తే చాలు.

దాని గొప్ప ఏమిటో చూడండి. ఒక ఫీడరులో ఒక్కొక్క తీగకు 120 ఆంపియర్ల లోడు పోతున్నదనుకుందాం. ఓవర్‌కరెంటు రిలేను 200 దగ్గర పెట్టారు. లోడు పెరిగినప్పుడల్లా ట్రిప్ కాకూడదు కనుక అంతకంటే తగ్గించలేరు. ఒక తీగ తడినేలను తాకి 60 ఆంపియర్లు భూమిలోకి పోయాయి. ఆ తీగలో మొత్తం 180కి మించదు. ఓవర్‌కరెంటు రిలేకు అది కొంచెం ఎక్కువ లోడు, అంతే. కాని మూడు తీగలనూ కలిపి చూసే భూదోష రిలేకు లోడు కనిపించదు, ఆ 60 మాత్రమే కనిపిస్తుంది. దానిని 40 దగ్గర పెట్టి ఉంటే వెంటనే పట్టుకుంటుంది. సందడిగా ఉన్న తిరునాళ్ళలో గొంతులన్నీ అణచివేసి ఒక్క ఏడుపును వినగల చెవి అన్నమాట.

లోడు దానికెందుకు కనిపించదు? ఇక్కడొక సూక్ష్మమున్నది. పల్లె ట్రాన్స్‌ఫార్మరులో పదకొండు వేల వోల్టుల వైపు చుట్టలు డెల్టాగా, అంటే త్రికోణంగా కట్టి ఉంటాయి. భూమికి ముడి లేదు. ఒక తీగలో వచ్చినది మిగిలిన రెండు తీగలలోనుంచే తిరిగి పోవాలి. ఊళ్ళో ఒక వీధికి ఎక్కువ ఇళ్ళు, ఒక వీధికి తక్కువ ఇళ్ళు తగిలించి లోడు ఎంత ఎగుడుదిగుడైనా, మూడు తీగల మొత్తం సున్నయే. ఆ ఎగుడుదిగుడు విలోమక్రమంగా కనిపిస్తుందే గాని శూన్యక్రమంగా కనిపించదు. కనుక ఆరోగ్యంగా ఉన్న ఫీడరులో శూన్యక్రమం దాదాపు లేదు. లేనిచోట కొంచెం కనిపించినా అనుమానించవచ్చు.

"మరి మా తమ్ముడి తీగ సంగతేమిటి?" అని అడిగాను.

అతను కాసేపు మాట్లాడలేదు. తరువాత చెప్పాడు. భూదోష రిలే పనిచేయాలంటే భూమిలోకి ప్రవాహం పోవాలి. పోవాలంటే భూమి పోనివ్వాలి. 12.5 కిలోవోల్టుల లైన్లలో తెగిన తీగ మీద జరిపిన అమెరికా పరీక్షలలో, తడి గడ్డి మీద పడిన తీగనుంచి సుమారు 50 ఆంపియర్లు, కమ్ములున్న కాంక్రీటు మీద సుమారు 75 పోయాయట. పొడి ఇసుక మీద, తారు మీద దాదాపు ఏమీ పోలేదు. ఆ రాత్రి మా పొలాలలో గాలి లేచింది గాని వాన పడలేదని ముందే చెప్పాను. నెలల తరబడి ఎండిన ఎర్రనేల. తీగనుంచి ఆ నేలలోకి ఎంత పోయి ఉంటుంది? ఒకటో రెండో ఆంపియర్లు. రిలేకు అది చాలదు. మనిషి ప్రాణానికి ఆంపియరులో పదవ వంతు చాలు.

శూన్యక్రమం చేతులెత్తేసిందన్నమాట. మిగిలినది విలోమక్రమం. తీగ తెగడమే ఒక అసమతుల్యం కదా, భూమిని తాకినా తాకకపోయినా! తెగినచోటికి అవతల రెండు తీగలే ఉన్నాయి. ఒకదానిలో పోయినది రెండవదానిలో రావాలి. ఆ రెండు ప్రవాహాలను విడదీస్తే అనుక్రమం ఎంతో విలోమక్రమమూ అంతే వస్తుంది. నిష్పత్తి నూటికి నూరు! ఇప్పటి రిలేలలో ‘బ్రోకెన్ కండక్టర్’ అనే అంశం సరిగ్గా ఈ నిష్పత్తినే చూస్తుంది. విలోమక్రమాన్ని ఒక్కదానినే చూస్తే లోడు తక్కువగా ఉన్న రాత్రివేళ అదీ తక్కువై తప్పించుకుంటుంది. నిష్పత్తి చూస్తే లోడుతో నిమిత్తం లేదు. ఎన్నో చోట్ల భూమికి ముడివేసిన వ్యవస్థలలో శూన్యక్రమం కూడా వాటా పంచుకుంటుంది కనుక నిష్పత్తి సుమారు యాభైకి దిగుతుంది. అయినా తక్కువేమీ కాదు.

ఎంత చక్కని ఉపాయం! నేను ఆశగా అడిగాను, "అయితే ఆ రిలే ఉంటే పట్టుకునేదా?" అని. అతను కాగితం తీసుకున్నాడు. ఫీడరు మొదట్లో తీగకు 150 ఆంపియర్లు. మా తమ్ముడి పొలం దగ్గర, చివరి కొసలో, పోయేది 6 ఆంపియర్లు. అక్కడ ఒక తీగ తెగితే, ఆ కొసలో అనుక్రమం 3, విలోమం 3 ఆంపియర్లు. అక్కడ నిష్పత్తి నూటికి నూరే. కాని రిలే ఉన్నది అక్కడ కాదు, సబ్‌స్టేషనులో. దానికి కనిపించే అనుక్రమం మొత్తం సుమారు 147, విలోమం 3. నూటికి రెండు! ఒక వీధిలో ఇళ్ళు ఎక్కువైనా అంతకంటే ఎక్కువ తేడా వస్తుంది. రిలేను నూటికి రెండు దగ్గర పెడితే రోజుకు పదిసార్లు ఉత్తపుణ్యానికి ట్రిప్ అవుతుంది. పదిహేను ఇరవైకి తగ్గించి పెట్టడం కష్టం.

లైను మొదట్లో తెగితే దొరుకుతుంది. చివర్లో తెగితే దొరకదు. చివర ఉండేవి పేదల పొలాలే అని వేరే చెప్పనక్కర లేదు.

అంటే ఆ ఆపరేటరు కుర్రవాడు నిజమే చెప్పాడు. మీటరు ముల్లు కదలడానికి అక్కడ ఏమీ లేదు. ఈ మాట నేను ఊళ్ళో చెప్పాను. కొందరు విన్నారు, కొందరు "మీ శిష్యుడు ఆ శాఖవాడే కదా, వాళ్ళ పక్షమే చెప్తాడు" అన్నారు. నేను కాగితం మీది లెక్క చూపించాను. లెక్కకు పక్షం లేదు. అయితే లెక్క ఆ కుర్రవాణ్ణి విడిపించినంత మాత్రాన, పాతికేళ్ళనాటి తీగను ఏ చూపూ అందని కొసలో అలాగే వ్రేలాడదీసినవారిని కూడా విడిపించదు. ఈ రెండూ వేరు వేరు సంగతులని నా అభిప్రాయం.

మరొక భయంకరమైన విషయం ఆ రోజే తెలిసింది. ఇది మాత్రం పల్లెలలో చుట్టాలున్న ప్రతివారూ వారికి చెప్పాలి. తీగ తెగితే రెండు కొసలు. సబ్‌స్టేషను వైపు కొసలో కరెంటు ఉంటుందని అందరికీ తెలుసు. అవతలి కొస, మోటార్ల వైపుది, చచ్చిన తీగ అనుకుంటారు. కాదు! అవతల ఉన్న ట్రాన్స్‌ఫార్మర్ల త్రికోణపు చుట్టల గుండా, మిగిలిన రెండు తీగల కరెంటు తెగిన తీగలోకి వెనుకనుంచి వస్తుంది. ఆ కొస నేలను తాకినప్పుడు, ప్రవాహం ఆ చుట్టలన్నీ దాటి రావాలి కనుక ఇంకా తక్కువగా ఉంటుంది. రిలేకు ఇంకా కనిపించదు. మనిషికి మాత్రం రెండు కొసలూ ఒకటే.

విలోమక్రమం పల్లెవాడికి మరొక చోట కూడా ఎదురవుతుంది, బోరు మోటారులో. నడుస్తున్న మోటారుకు ఒక ఫేజు పోతే అది ఆగదు, గుయ్యిమని మూలుగుతూ తిరుగుతూనే ఉంటుంది. విలోమక్రమం మోటారును వెనక్కి త్రిప్పజూస్తుంది. త్రిప్పలేక ఆ శక్తినంతా వేడిగా మారుస్తుంది. విలోమ వోల్టేజికి మోటారు చూపే అడ్డు, మోటారు కదలకుండా స్టార్టు అయ్యే క్షణంలో చూపే అడ్డంతే, అంటే బహు స్వల్పం. స్టార్టింగులో ఆరు రెట్లు ప్రవాహం లాగే మోటారుకు 5 శాతం విలోమ వోల్టేజి వచ్చినా 30 శాతం విలోమ ప్రవాహం పోతుంది. చుట్టలు కాలిపోతే రైతుకు వేలల్లో ఖర్చు, పైరు ఎండితే చెప్పనలవి కాదు. దీనికని సింగిల్ ఫేజింగ్ ప్రివెంటర్ అనే చిన్న పెట్టె వచ్చింది. ఇందులో రెండు రకాలు. వోల్టేజి ఎత్తును మాత్రం చూసేది మోసపోతుంది. ఎందుకంటే తిరుగుతున్న మోటారు, పోయిన ఫేజులో తానే వోల్టేజిని పుట్టిస్తుంది! విలోమ ప్రవాహాన్ని చూసేది మోసపోదు. కొనేటప్పుడు అడిగి కొనమని మా ఊళ్ళో చెప్పాను. కండెన్సరు పెట్టి రెండు ఫేజులతోనే మోటారు నడుపుకునేవారు ఆ పెట్టెను అసలే పీకి పారేస్తారు, అది వేరే కథ.

పెద్ద జనరేటర్లకు కూడా ఇదే గండం. తిరిగే రోటరు మీద విలోమక్రమం 100 ఆవృత్తుల ప్రవాహాన్ని పుట్టించి, దాని పైపొరను కాల్చివేస్తుంది. అందుకని విలోమ ప్రవాహపు వర్గాన్ని కాలంతో గుణించి, ఒక హద్దు దాటితే జనరేటరును తప్పించే రిలే పెడతారు. జలవిద్యుత్ కేంద్రాల జనరేటరుకు ఆ హద్దు సాధారణంగా 40, సూటిగా చల్లబరచే పెద్ద థర్మల్ జనరేటరుకు 10. విలోమ ప్రవాహం పూర్తి ప్రవాహంలో సగమైతే మొదటిది 160 సెకన్లు ఓర్చుకుంటుంది, రెండవది 40 సెకన్లే. నీటి యంత్రానికి ఓర్పు ఎక్కువని నాకు సంతోషం వేసింది, ఎందుకో తెలియదు.

నాకు అన్నిటికంటే నచ్చినది వేరు. ఆరోగ్యంగా ఉన్న జనరేటరు పుట్టించేది అనుక్రమాన్ని మాత్రమే. విలోమక్రమానికి పుట్టిల్లు జనరేటరు కాదు, లోపం జరిగిన చోటే. అనుక్రమ వోల్టేజి జనరేటరు దగ్గర అత్యధికంగా ఉండి లోపం వైపు పోనుపోను తగ్గుతుంది. విలోమ వోల్టేజి లోపం దగ్గర అత్యధికంగా ఉండి జనరేటరు వైపు పోనుపోను తగ్గుతుంది. ఏటి నీరు ఎగువనుంచి వస్తుంటే, దిగువనుంచి ఎదురు వచ్చే వాసనలాగ. 132 కిలోవోల్టుల లైను కొసన కూర్చున్న రిలే, విలోమ వోల్టేజికీ విలోమ ప్రవాహానికీ మధ్యనున్న కోణం చూసి, లోపం తన ముందున్నదా వెనుక ఉన్నదా చెప్పగలదు. ముందుంటే ఒక కోణం, వెనుక ఉంటే దానికి తలక్రిందులు. ముందున్నదైతేనే తెంపుతుంది, వెనుకదైతే ఆ పని మరొకరికి వదిలిపెడుతుంది. మూడు ఫేజులూ ఒకేసారి కలిసిపోయే లోపంలో మాత్రం అన్నీ సమానం కనుక విలోమమూ లేదు, శూన్యమూ లేదు. అక్కడికి పాత ఓవర్‌కరెంటు, డిస్టెన్సు రిలేలే గతి.

మరి తెగిన తీగకు మందేమిటి? రిలే చూపు అందని చోట లైనునే మార్చాలి అంటాడు మా శిష్యుడు. రోడ్లు దాటేచోట తీగల క్రింద భూమికి ముడివేసిన గార్డు తీగలు కట్టడం పాత పద్ధతి. తెగిన తీగ నేలను తాకేలోపల దాని మీద పడుతుంది. ఎండిన నేల ఇవ్వని దారి అది ఇస్తుంది. ప్రవాహం పెరుగుతుంది, శూన్యక్రమం లేస్తుంది, రిలే చూస్తుంది. అంటే రిలేకు కనిపించేలా లోపాన్ని పెంచి చూపడం! రెండవది, ఫీడరు చివరి కొసలో వోల్టేజిని కనిపెట్టి సబ్‌స్టేషనుకు కబురు పంపే ఏర్పాటు. తీగ ఎక్కడ తెగినా కొసలో వోల్టేజి చెదురుతుంది, అక్కడ విలోమక్రమం నూటికి రెండుగా కాదు, దండిగా కనిపిస్తుంది. మూడవది, పొరతో కప్పిన తీగలు. మూడూ ఖర్చుతో కూడినవే.

మా ఊరి రోడ్డు మీద గార్డు తీగలు వేశారు. చేలమీద వేయలేదు. కొసలో వోల్టేజి చూసే పెట్టె పెట్టమని నేను తెలుగులో ఒకటి, శిష్యుని చేత ఇంగ్లీషులో ఒకటి అర్జీలు వ్రాయించి ఇచ్చాను. తీగలు మార్చారు గాని పెట్టె సంగతికి సమాధానం రాలేదు. మళ్ళీ వ్రాస్తాను.

ఈలోగా బడి గోడ మీద ఒక ప్రకటన వ్రాయిద్దామని కూర్చున్నాను. "తెగిపడిన విద్యుత్తంత్రి యొక్క ఉభయాగ్రములును ప్రాణాంతకములు" అని మొదటి ముసాయిదా. లైన్‌మన్ చదివి, "సార్, ఇది చదివేలోపల తొక్కేస్తారు" అన్నాడు. తగవేముంది, అతనే చెప్పగా వ్రాయించాను: "తీగ తెగితే రెండు కొసలూ కరెంటే. దగ్గరికి పోవద్దు. 1912కి ఫోన్ చేయండి." అంకెలు అడుగు ఎత్తున, ఎర్ర రంగుతో. ప్రతి వేసవికి ముందు పిల్లల చేత మళ్ళీ రంగు పూయిస్తున్నాను.